పెన్నుతో దించిన జ్వరం

పోయినవాటి లెక్క ముందు చెబుతాను. రెండు వందల పద్నాలుగో నంబరు గదిలో ఎనిమిది మంచాలుంటే ఏడు ఖాళీ అయ్యాయి. ఆ ఏడింటిలో ఆరు మళ్లీ నిండాయి, ఒకటి నిండలేదు. ఇరవై రెండేళ్ల తరువాత ఇంటికి పోవాల్సిన మనిషి ఒకరు పోలేదు. విమానంలో ఆయన సీటులో ఇంకెవరో కూర్చుని పోయారు. మా అంతస్తు నుంచి ముప్పై నాలుగు మందిని వ్యానుల్లో తీసుకుపోయారు. వారిలో నలుగురికి చాలాకాలం వాసన తెలియలేదు. ఒకడికి ఇప్పటికీ వేయించిన ఎండుమిరప ఘాటు ముక్కుకు అందదు. శుక్రవారం మధ్యాహ్నాల నవ్వులు తొమ్మిది వారాలు నడిచి ఆగిపోయాయి. గేటు దగ్గర నుంచి ఒక మనిషిని తీసేశారు. జీతాలు ఈ లెక్కలో కలపలేదు. అవి ఆలస్యంగానైనా వచ్చాయి. రానివే రాశాను.

ఇన్నేళ్లకు ఈ లెక్క వేయడానికి కారణం ఒక రిజిస్టరు. కంపెనీ మమ్మల్ని దుబాయ్ అల్ వర్సాన్ లేబర్ క్యాంపు నుంచి ఉమ్ అల్ క్వైన్ ఫ్యాక్టరీకి మార్చినప్పుడు, మంచం కింది ఇనుప పెట్టె ఖాళీ చేస్తుంటే పాత దుప్పటి అడుగున దొరికింది. నల్ల అట్ట, పొడుగాటి కాగితాలు. పేజీల అంచుల్లో చేతులకు రాసుకునే మందు చుక్కలు పడి సిరా అలుక్కుపోయిన మచ్చలున్నాయి. లాక్‌డౌన్ పెట్టిన ఏడాది క్యాంపులో మూడు వందల పన్నెండు మందికి రోజూ పొద్దున నుదుటి దగ్గర థర్మామీటరు గన్ను పెట్టి వేడి చూసేవారు. చూసేది గేటు సెక్యూరిటీ, రాసేది నేను. ముప్పై ఏడున్నర లోపు నీలం సిరా, దాటితే ఎర్ర సిరా. ఎర్ర అంకె పడ్డవాణ్ణి పక్కన కూర్చోబెట్టి వ్యానుకు ఫోన్ చేసేవారు. ఆ వ్యాను ఎక్కడికి పోతుందో, ఎన్నాళ్లకు తిరిగి తెస్తుందో మాకెవరికీ తెలియదు.

నేను పనివాళ్ల హాజరు రాసే టైమ్ కీపర్ని. ఏడో తరగతితో చదువు ఆగింది. లెక్క మాత్రం అమ్మ దగ్గర నేర్చుకున్నాను. అమ్మ బీడీలు చుట్టేది. ఒళ్లో చాట, చాటలో తడిపిన తునికాకు, పక్కన తంబాకు. పొద్దున లేస్తే ఇంట్లో ఆ తడి ఆకు వాసన, రాత్రి పడుకుంటే మా దుప్పట్లలో ఆ తంబాకు వాసన. ఇరవై ఐదు బీడీలకు ఒక కట్ట, నలభై కట్టలకు వెయ్యి. కట్టలు లెక్కపెట్టడం నా పని. అలా కూడికలు, గుణకారాలు పుస్తకం తెరవకుండానే వచ్చాయి. అమ్మకు ఒక అలవాటుండేది: ప్రతి కట్టలోనూ ఇరవై ఆరో బీడీ పెట్టేది. "ఎందుకమ్మా, మనకే నష్టం గద" అని అడిగితే, "తక్కువున్నయని ఎవలన్న అన్నరంటె పానం పోతది బిడ్డా. ఎక్కువున్నయని ఎవ్వలనరు" అనేది.

ఇంట్లో అందరికంటే నేనే నలుపు. పెళ్లిళ్లలో బంతి కూర్చున్నప్పుడు మా చిన్నమామ ఒక మాట తప్పకుండా అనేవాడు: "కరెంటు పోతె జర పండ్లు ఇకిలించురా, ఏడ కూసున్నవో ఎర్కైతది." బంతిలో అందరూ నవ్వేవారు. నేనూ నవ్వేవాణ్ణి. నవ్వకపోతే ఇంకా రెండు మాటలు పడేవి. ఈ సంగతి ఇక్కడెందుకు రాశానో కాసేపటికి తెలుస్తుంది.

గదికి పెద్ద రాజన్న మామ. సొంత మేనమామ కాదు, పక్క ఊరు, వరసకు మామ. గోడలు కట్టే మేస్త్రీ. నేను ఎడారికి వచ్చిన కొత్తలో నాకు మంచం ఇప్పించింది, బస్సు ఎక్కడాగుతుందో చూపించింది, వేసవిలో నీళ్ల ట్యాంకు కాగిపోతుంది కాబట్టి స్నానానికి బకెట్లు ముందు రాత్రే నింపుకోవాలని చెప్పింది ఆయనే. కూర గరిట ఆయన చేతిలోనే ఉండేది. ముక్కల లెక్క నాది, వడ్డన ఆయనది. ఎనిమిది పళ్లేలు వరసగా పెట్టి, ముందు అందరికీ పులుసు, తరువాత ముక్కలు, అన్నిటికంటే చివర తన పళ్లెం. పడుకునే ముందు కాళ్లు కడుక్కుని అరికాళ్లకు కొబ్బరినూనె రాసుకునేవాడు. గదిలో ఏసీ దుమ్ము, తలుపు బయట ఎనిమిది జతల బూట్లు, పొయ్యి మీద మాడిన మిరపకాయ, ఇవన్నీ కలిసిన వాసనలోంచి ఆ కొబ్బరినూనె వాసన వస్తే ఇక దీపం ఆర్పే వేళయిందని తెలిసేది.

గేటు దగ్గర మనిషి పేరు ఒకెలో. ఉగాండావాడు, ముప్పై ఏళ్లుంటాయి. చేతులు పొడవు కావడంతో యూనిఫాం చొక్కా మణికట్టుకు నాలుగు వేళ్ల పైనే ఆగిపోయేది. నాలుగేళ్లు గేట్ల దగ్గర నిలబడి హిందీ నేర్చుకున్నాడు. ఆ హిందీని నేనిక్కడ తెలుగు చేసి రాస్తున్నాను. అతని పేరు ఒకెలో అని క్యాంపులో అప్పటికి ఎవరికీ తెలియదు. అందరూ 'కాల్యా' అనేవారు. తెలుగువాళ్లం మాలో మేము 'నల్లోడు' అనుకునేవాళ్లం.

మొదటిసారి నేను అతనితో మాట్లాడింది మా చిన్నమామ మాటే. సంతకాల పుస్తకం తీసుకోవడానికి గేటు దగ్గరకు పోయాను. వెనక రాజన్న మామ, ఇంకో ముగ్గురు ఉన్నారు. వాళ్లు వింటున్నారని కాస్త హుషారు వచ్చింది.

"భాయ్, కరెంటు పోతే కాస్త నవ్వు. లేకపోతే గేటు దగ్గర ఎవరూ లేరనుకుంటాం" అన్నాను.

మామ పగలబడి నవ్వాడు. ఒకెలో నవ్వలేదు, కోపం కూడా తెచ్చుకోలేదు. పుస్తకం నా చేతికిస్తూ, "ఈ జోకు మా జిల్లాకు కూడా వచ్చింది భాయ్. దీనికి నాకంటే వయసు ఎక్కువ. నీకెక్కడ దొరికింది?" అన్నాడు.

"ఊళ్లో" అన్నాను.

"నీకు చెప్పారా, నీ మీద చెప్పారా?"

మామ వాళ్లు ముందుకు నడిచిపోయాక, "నా మీద" అన్నాను.

అప్పుడు నవ్వాడు. "అయితే మనం పాత దోస్తులం. ఒకే జోకు ఇద్దరినీ కరిచింది." నేను లెక్కలు రాసేవాణ్ణి కాబట్టి ఆ రోజు నుంచి నన్ను హిసాబ్ భాయ్ అని పిలిచేవాడు.

లాక్‌డౌన్‌లో పని ఆగింది, తరువాత క్యాంపు గేటే మూశారు. మూడు వందల మంది మగవాళ్లు రోజంతా గదుల్లో ఉంటే ఏమవుతుందో అదే అయింది. బకెట్ దగ్గర కొట్టుకుని ఇద్దరు తలలు పగలగొట్టుకున్నారు. అప్పుడు ఒకెలో క్యాంప్ బాస్ దగ్గరకు పోయి, శుక్రవారం మధ్యాహ్నం అన్నాలయ్యాక అరగంట తనకిమ్మని అడిగాడు. ఏం చేస్తావంటే, నవ్విస్తాను అన్నాడు. రెండు బ్లాకుల నడుమ సిమెంటు వాకిలి ఉంది. మూడంతస్తుల వరండాలు అటూ ఇటూ. రోడ్డు మీద అడ్డం పెట్టే ఎర్ర ప్లాస్టిక్ కోన్ ఒకటి తెచ్చి, దాని సన్నని కొస నోటి దగ్గర పెట్టుకుని వాకిలి నడుమ నిలబడ్డాడు. వరండాల్లో జనం కమ్మీలకు ఆనుకుని చూస్తున్నారు. కింద ఓ మూల నీడలో నా బల్ల, రిజిస్టరు.

"నా పేరేమిటి?" అని అరిచాడు.

"కాల్యా!" అన్నాయి మూడంతస్తులూ.

"షాబాష్! కళ్ల పరీక్షలో అందరూ పాస్. ఇప్పుడు చెవుల పరీక్ష. నా పేరు ఒకెలో. మా దగ్గర కవలల తరువాత పుట్టినవాడికి ఆ పేరు పెడతారు. నేను వచ్చేసరికే ఇంట్లో ఇద్దరు ఏడుస్తున్నారు. మూడోవాడి ఏడుపు ఎవడు వింటాడు? అందుకే నవ్వించడం నేర్చుకున్నాను. పాలు కావాలి కదా భాయ్!"

నవ్వారు. తరువాత నడుముకున్న గన్ను తీసి పైకెత్తి చూపించాడు. "ఇది కొత్తగా వచ్చిన మిషన్. నిన్న ముదీర్ వచ్చాడు, మన మేనేజరు, తెల్లాయన. నుదుటి దగ్గర పెట్టాను. ముప్పై ఆరున్నర. రాజన్నకు పెట్టాను. ముప్పై ఆరున్నర. నాకు నేను పెట్టుకున్నాను. ముప్పై ఆరున్నర. భయమేసింది. ముదీర్ దగ్గరకు పరుగెత్తి చెప్పాను: సార్, మిషన్ చెడిపోయింది, మీరూ నేనూ ఒకటే అంటోంది!"

ఆ నవ్వు వరండాల మీద నుంచి వానలా దిగింది. చివర్లో, "ఇప్పుడు నా పేరు చెప్పండి" అన్నాడు. మూడు గొంతులే పలికాయి. నేను లెక్కపెట్టాను. అందులో ఒకటి నాది.

రెండో వారమో మూడో వారమో తెల్లబరిచే క్రీముల మాట ఎత్తాడు. ఊరికి పంపే కార్గో పెట్టెలు గేటు దగ్గర విప్పి చూడడం అతని డ్యూటీ. "హిందుస్తానీలు నన్ను చూసి ఎందుకు మొహం తిప్పుకుంటారో నాకు ఇన్నాళ్లూ తెలియలేదు. మొన్న ఒకరి పెట్టె విప్పాను. పన్నెండు ట్యూబులు! డబ్బా మీద రెండు ఫొటోలు. రాసుకోకముందు, రాసుకున్న తరువాత. అప్పుడర్థమైంది. నేను 'ముందు' ఫొటో! వీళ్లు నన్ను చూసి భయపడడం లేదు, ట్యూబు అయిపోతుందేమోనని భయపడుతున్నారు." నవ్వు ఆగేదాకా ఆగాడు. తరువాత వరండాల వెంట మెల్లగా వేలు తిప్పుతూ, "నువ్వు 'ముందు'. నువ్వూ 'ముందు'. రాజన్నా, నువ్వు నాకంటే ముందు! మరి 'తరువాత' ఫొటోలో ఉన్నవాడెవడు? ఈ క్యాంపులో నాకైతే ఇంతవరకు కనబడలేదు" అన్నాడు.

"కాల్యాగాడు మనల్నే అంటున్నడు గదరా" అన్నాడు మామ, నవ్వుతూనే. ఆయన పెట్టెలోనూ నాలుగు ట్యూబులుండేవి. మనవరాలికట.

పొద్దున వేడి చూసే వరస మొదలయ్యే ముందు మాకు పావుగంట తీరిక దొరికేది. ఆ పావుగంటల్లో అతను తన విద్య గురించి చెప్పేవాడు. పేరుపొందిన నల్ల హాస్యగాళ్లు ఎందరినో ఫోన్లో చూసి నేర్చుకున్నాడట. అమెరికాలో ఒకప్పుడు తెల్లవాళ్లే మొహానికి మసి పూసుకుని వేదికెక్కి, నల్లవాళ్ల నడకనూ మాటనూ వెక్కిరించి నవ్వించేవారట. తరువాత నల్లవాళ్లు తామే వేదికెక్కి, తెల్లవాళ్లు ఎదురుగా కూర్చుని ఉండగానే, ఆ నవ్వును తమ చేతుల్లోకి తీసుకున్నారట. "వాళ్ల నోట్లో ఉన్న మాట నువ్వే ముందు అనేయాలి. అప్పుడు వాళ్ల చేతిలో రాయి ఉండదు" అన్నాడు. ఇంకో రోజు, "నవ్వులు మూడు, హిసాబ్ భాయ్. మొదటిది నన్ను చూసి నవ్వేది. రెండోది నాతో కలిసి నవ్వేది. మూడోది తమను చూసుకుని నవ్వేది. మొదటిదానితో ఆపేస్తే నేను కోతిని. మూడోదాకా పోతేనే అది పని" అన్నాడు. మూడోదాకా పోయినప్పుడు దెబ్బలు తిన్నవాళ్లూ, పని పోగొట్టుకున్నవాళ్లూ ఉన్నారని కూడా చెప్పాడు. నవ్వుకు కూడా లెక్క ఉందని అప్పుడే తెలిసింది. అప్పటి నుంచి శుక్రవారాల్లో మూడో నవ్వు ఎన్ని నోళ్ల నుంచి వచ్చిందో చూసేవాణ్ణి. ఆ నవ్వు వేరుగా ఉంటుంది. గట్టిగా రాదు, తల వంచుకుని వస్తుంది. ఆరో వారానికి పేరు చెప్పమంటే ఒక బ్లాకంతా పలికింది. మామ మాత్రం పలకలేదు.

ఆ రోజుల్లోనే మామకు ప్రయాణం ఖాయమైంది. ఇక తిరిగి రాని ప్రయాణం. ఊళ్లకు పోవాలనుకునేవాళ్ల కోసం ప్రత్యేకంగా విమానాలు వేశారు. జాబితాలో ఆయన పేరు వచ్చింది, ఇంకా తొమ్మిది రోజులుంది. పెట్టె సర్ది, తూకం చూసి, తాడు కట్టి మంచం కింద పెట్టుకున్నాడు. ఒక పొద్దున నేను చాయ్ గ్లాసు అందిస్తుంటే ఆయన వేళ్లు తగిలాయి. కాలుతున్నాయి.

"అల్లుడా, వొళ్లు జర ఎచ్చగున్నది" అన్నాడు. "ఏం గాదు, రాత్రి ఏసీ కింద పన్న. గా గన్నుల ఎక్కువొస్తె నువ్వు జర సదురు."

"మామా, అట్ల ఎట్ల రాస్త?"

"ఎర్ర అంకె పడ్డదంటె నా సీటు పాయె. ఇరవై రెండేండ్లు బిడ్డా. నిన్నేమన్న పైసలడుగుతున్ననా? ఒక్క అంకె."

నాకు మంచం ఇప్పించిన మనిషి. తన పళ్లెం చివర పెట్టుకునే మనిషి. రిజిస్టరు తీసుకుని కిందికి దిగాను.

వరసలో మామ వంతు వచ్చింది. ఒకెలో గన్ను పెట్టాడు. "ముప్పై ఏడు పాయింట్ తొమ్మిది." నేను రాయలేదు. మళ్లీ పెట్టాడు. మళ్లీ అదే. మామ నా వైపు చూస్తున్నాడు. "మిషన్ ఎండకు కాగింది" అన్నాను, ఎవరికి చెబుతున్నానో నాకే తెలియకుండా. ఎండలో పెడితే ఆ మిషన్ ఎక్కువ చూపించే మాట నిజమే. కాని ఆ పొద్దున మేము నీడలో ఉన్నాం. నీలం పెన్ను తీసుకుని ముప్పై ఆరు పాయింట్ తొమ్మిది అని రాశాను. ఏడుకు బదులు ఆరు, అంతే తేడా. ఒకెలో ఆ అంకె చూశాడు, నన్ను చూశాడు. "నువ్వు హిసాబ్ భాయ్. నీకు తెలియాలి" అని తరువాతివాణ్ణి పిలిచాడు.

మరో మూడు పొద్దులు అదే జరిగింది. అంకెలు వేరు, పని అదే. ఐదో రోజు మామ మంచం మీద నుంచి లేవలేకపోయాడు. వ్యాను కాదు, అంబులెన్సే వచ్చింది. మోసుకుపోతుంటే ఆయన కాలికి చెప్పు లేదని నేను ఒక చెప్పు పట్టుకుని మెట్ల దాకా పరుగెత్తాను, రెండోది దొరకలేదు. వారం తిరిగేలోపు మా గదివాళ్లను ఆరుగురిని వ్యానులో తీసుకుపోయారు, తరువాత అంతస్తులో మిగతావాళ్లను. నాకు పరీక్షలో ఏమీ రాలేదు. మామ ఆసుపత్రిలో పదకొండో రోజు పోయాడు. అంతకు వారం ముందే ఆయన ఎక్కాల్సిన విమానం వెళ్లిపోయింది. దహనం ఇక్కడే అయింది. మాలో ఎవరినీ రానివ్వలేదు.

ఎవరు తెచ్చారన్న మాట అప్పుడు లేచింది. లేపింది గంగాధర్, మా అంతస్తులోనే వేరే గదిలో ఉండే డ్రైవరు. మామ చేతి అన్నం వాడూ తిన్నాడు. క్యాంప్ బాస్‌కు ఇవ్వడానికి ఒక అర్జీ రాయించుకుని నా దగ్గరకు వచ్చాడు.

"అన్నా, సంతకాలకు నంబర్లు నువ్వే ఎయ్యి. నీ లెక్క తప్పది."

అర్జీలో ఏముందని అడిగాను.

"కాల్యాగాన్ని తియ్యమని. గా గన్ను రోజు అందరి నెత్తికాడ పెడ్తడు. ఆడు చేతులు కడుగుతడో లేదో ఎవనికెర్క?"

"గన్ను నెత్తికి తాకదు గదరా" అన్నాను. అంతే అన్నాను.

"ఆడు నీ దోస్తని ఎన్కేసుకొస్తున్నవా? మామ పోయిండన్నా. మన మామ."

వాడి కళ్లలో నీళ్లున్నాయి. అరవై ఒక్క సంతకాలకూ నంబర్లు వేశాను. నలభై మూడోది నాది.

ఒకెలోను ఫుజైరాలో ఒక క్వారీ గేటుకు మార్చారు. పోయే ముందు ఒక్క శుక్రవారం అడిగి తీసుకున్నాడు. అది తొమ్మిదోది. వరండాల్లో జనం పలచగా ఉన్నారు, వచ్చినవాళ్లు చేతులు కట్టుకుని నిలబడ్డారు. అతను కోన్ నోటి దగ్గర పెట్టుకున్నాడు.

"నేను తెచ్చానట" అన్నాడు.

ఎవరూ కదల్లేదు.

"డాక్టర్లు ఏమంటున్నారు? ఆ పురుగు కంటికి కనబడదు అంటున్నారు. మరి నేను? నేను అల్ వర్సాన్‌లో నిలబడితే షార్జాకు కనబడతాను! దాక్కోవాలనుకున్న పురుగు పోయి పోయి నా మీద కూర్చుంటుందా? అంత బుద్ధి లేనిదా?"

పై అంతస్తులో ఎవరో కిసుక్కుమన్నారు.

"నాకు గది అద్దెకివ్వరు. టాక్సీ ఆపరు. ఆఫీసు ఉద్యోగానికి పోతే ఖాళీ లేదు అంటారు. రోగం వచ్చిందనుకోండి, అప్పుడు మాత్రం... రండి సార్, కూర్చోండి సార్, ఈ పోస్టుకు మీకంటే అర్హులు లేరు సార్!"

నవ్వు లేచింది, సగంలో ఆగింది. ఆ ఆగిన చోట కొందరు తలలు వంచుకున్నారు. పదిహేడు తలలు లెక్కపెట్టాను. నాది లెక్కలో వేసుకోలేదు. గంగాధర్ వరండా వదిలి లోపలికి పోయాడు.

తరువాత ఒకెలో గన్ను తీసుకుని నా బల్ల దగ్గరకు వచ్చాడు. ఒక్క వాక్యం చాలు. రిజిస్టరు నా ముందే ఉంది, పేజీ తిప్పి చూపిస్తే చాలు. "లే, హిసాబ్ భాయ్" అన్నాడు. లేచాను. నుదుటి దగ్గర గన్ను పెట్టి, దాని మీది అంకె నాకు కనబడేలా తిప్పాడు. ముప్పై ఆరు పాయింట్ నాలుగు అని ఉంది. కోన్‌లోంచి అందరికీ వినబడేలా చదివాడు: "ముప్పై ఆరు పాయింట్ తొమ్మిది!" తరువాత కోన్ దించి, మెల్లగా, "రాయి" అన్నాడు. అతను చెప్పిందే రాశాను. వరండాల్లో ఎవరికీ ఏమీ అర్థం కాలేదు. "ఖలాస్" అని కోన్ నేల మీద పెట్టి గేటు వైపు నడిచాడు. ఆ రోజు తన పేరు చెప్పమని ఎవరినీ అడగలేదు.

నన్ను ఎందుకు పట్టివ్వలేదన్నది నేను చాలాసార్లు ఆలోచించాను. గేటు మనిషి మాట ఎవరు నమ్ముతారనుకున్నాడా, మామ తొమ్మిది రోజుల సంగతి అతనికీ తెలుసా, లేక వేదిక మీద నిలబడి ఒక్కణ్ణి చూపించి నవ్వించడం తన విద్య కాదనుకున్నాడా? అడగలేదు. ఏడాది తరువాత కంకర లారీతో ఫుజైరా క్వారీకి పోయినప్పుడు గేటు దగ్గర వాకబు చేశాను. ఊరికి పోయాడన్నారు.

ఇప్పుడు ఉమ్ అల్ క్వైన్‌లో గదికి నలుగురమే. శుక్రవారం సగం రోజు పని, సెలవు ఆదివారం. గరిట ఎవరి చేతిలోనూ లేదు, ఎవరి కూర వారిదే. ఫ్యాక్టరీలో ఫోర్క్‌లిఫ్ట్ నడిపే కామెరూన్ మనిషి ఉన్నాడు. కొత్తగా వచ్చిన మనవాళ్లు అతన్ని ఏమని పిలుస్తారో చెప్పనక్కర్లేదు. నేను పేరు పెట్టి పిలుస్తాను. వాళ్లు నన్ను వింతగా చూస్తారు. మొన్న సెలవుకు ఊరికి పోయినప్పుడు ఒక పెళ్లి బంతిలో, మా తమ్ముడి కూతురి మీద ఎవరో ఆ కరెంటు మాటే అన్నారు. బంతిలో పద్నాలుగు మంది నవ్వారు. పిల్ల కూడా నవ్వింది. ఎందుకు నవ్విందో నాకు తెలుసు.

రిజిస్టరు దొరికిన నెలలోనే గంగాధర్ ఒక వీడియో పంపాడు. "అన్నా, మన ఒకెలో గద గీడు! ఎంత పెద్దగైండు సూడు" అని. మన ఒకెలో అన్నాడు, అర్జీ రాయించినవాడే. చిన్న హాలు, నిండా జనం, అందరూ నల్లవాళ్లే. ఒకెలో చేతిలో అసలైన మైకు. చేతులకు సరిపోయే చొక్కా. ఇంగ్లీషులో చెబుతున్నాడు. నాకు సైట్లలో విని అర్థమయ్యేటంత వచ్చు, గంగాధర్‌కు ఇంగ్లీషు రాదు, మనిషిని చూసి పంపాడు. ముదీర్ మిషన్ జోకు చెప్పాడు. తరువాత ఇలా అన్నాడు:

"దుబాయ్‌లో నేను ఒక గొప్ప డాక్టరుతో పనిచేశాను. ఆయన దగ్గర మందు లేదు, పెన్ను ఉంది. ఒక ముసలాయన జ్వరంతో వచ్చాడు. ముప్పై ఏడు తొమ్మిది. డాక్టరు ఆయన వైపు ఎంతో ప్రేమగా చూసి, ముప్పై ఆరు తొమ్మిది అని రాశాడు. జ్వరం తగ్గిపోయింది! కాని జ్వరానికి పౌరుషం ఎక్కువ. నన్నే లేదంటావా అని బయలుదేరి ప్రతి గది తలుపూ కొట్టింది. అప్పుడు అందరూ, ఎవడు తెచ్చాడు, ఎవడు తెచ్చాడు అని అటు చూశారు, ఇటు చూశారు..." అని ఆగి, వేలు తన గుండె మీద పెట్టుకున్నాడు. హాలు గొల్లుమంది. ఆ నవ్వు తగ్గనిచ్చి అన్నాడు: "ఆ డాక్టరు మంచివాడు. అదే కష్టం. చెడ్డవాడైతే మరిచిపోయేవాణ్ణి. నాకు ఒక డిగ్రీ బాకీ ఉన్నాడు."

నేను ఆ వీడియో ఎన్నిసార్లు చూశానో లెక్కపెట్టలేదు. లెక్కపెట్టని అంకె నాకు ఇదొక్కటే.

రిజిస్టరులో మామకు ముప్పై ఆరు తొమ్మిది రాసిన పేజీ చింపి, మడిచి, మొన్న ఊరికి పోయేటప్పుడు జేబులో పెట్టుకుపోయాను. రాజన్న మామ భార్యను చూడ్డానికి పోయాను. అత్త చాయ్ ఇచ్చింది. గోడ మీద మామ ఫొటో, పక్కన తాడు విప్పని ఆ పెట్టె. మామ చనిపోయాక మేమే కార్గోలో పంపాం. "ఇప్ప బుద్ధి కాలేదు కొడుకా" అంది అత్త. కాసేపటికి కొంగుతో మొహం తుడుచుకుని, "గా నల్లోడే నా ఇంటాయనను తిన్నడు. ఆని చేతులిరగ. అందరు చెప్పిన్రు. నువ్వు ఆడనే ఉంటివి గద, నీకెర్కే గద" అంది.

జేబులో కాగితం ఉంది. చెయ్యి జేబు దాకా పోయింది కూడా. చెబితే, నాలుగు రోజుల ముందే ఆసుపత్రికి పోవాల్సిన మనిషిని నేనే ఆపానని చెప్పాలి. అడిగింది ఆయనే అని కూడా చెప్పాలి. పోయిన మనిషి మీద ఆ మాట ఎలా వేయను అనుకున్నాను. అనుకోవడానికి అది బాగానే ఉంది. కాని నేను చెప్పని ప్రతి రోజూ ఆ ఇంట్లో ఇంకొకడి చేతులు విరుగుతున్నాయి, మామ మనవలు అది విని పెరుగుతున్నారు. "ఊ" అన్నాను అత్తతో. చాయ్ తాగి లేచి వచ్చాను.

అమ్మ ప్రతి కట్టలోనూ ఒకటి ఎక్కువ వేసేది. ఆ కాగితం ఇప్పుడు మళ్లీ రిజిస్టరులోనే ఉంది. దాని మీద ఎర్ర పెన్నుతో మామ పేరు ఎదుట నీలం అంకె కొట్టేసి సరిదిద్దాను, కింద నా సంతకం పెట్టాను. అది ఇంకా ఎవరూ చూడలేదు. ఉండాల్సినది ముప్పై ఏడు పాయింట్ తొమ్మిది. నేను రాసింది ముప్పై ఆరు పాయింట్ తొమ్మిది. తీసివేస్తే, ఈ రోజుకు ఒకెలోకు నేనున్న బాకీ ఒక డిగ్రీ.